డాబా ఉరవకుండా ఏం వేయాలి: విజయవాడ, గుంటూరు ఇళ్ళకు వాటర్‌ప్రూఫింగ్ ఎంపిక

రోహిణి కార్తెలో మిట్టమధ్యాహ్నం డాబా మీద చెప్పుల్లేకుండా నిలబడలేం. మృగశిర రాగానే కాలిపోతున్న ఆ స్లాబు మీదే చల్లటి వాన పడుతుంది. మన డాబాలు ఎక్కువగా పాడయ్యేది ఇక్కడే. వేడి ఒక్కో డిగ్రీ పెరిగేకొద్దీ కాంక్రీటు మీటరుకు సుమారు 0.01 మి.మీ. సాగుతుంది. 10 మీటర్ల స్లాబు ఎండకు 65 డిగ్రీల దాకా కాగి, వానకు 25కి దిగితే, అడ్డేమీ లేకపోతే 4 మి.మీ. కుంచించుకోవాలి. బీములూ గోడలూ పట్టుకుని ఉంటాయి కాబట్టి అంతా కదలదు. కదలలేని చోట చీలుతుంది. అందుకే స్లాబు నడుమ కంటే ముందు పిట్టగోడ మొదట్లో, తూము చుట్టూ నెర్రెలు వస్తాయి.

ఆ తర్వాత ముసురు, తుఫాన్లు. 2023 డిసెంబర్ 5న మిచౌంగ్ బాపట్ల దగ్గర తీరం దాటినప్పుడైనా, 2024 ఆగస్టు ఆఖర్లో, సెప్టెంబర్ మొదట్లో బుడమేరు పొంగి విజయవాడను ముంచినప్పుడైనా వాన గంటల తరబడి తెరిపి ఇవ్వలేదు. అరగంట జల్లుకు చుక్క కారని డాబా ఇలాంటి వానకు ఉరుస్తుంది. సన్న పగుళ్ళలోంచి నీరు దిగడానికి సమయం పడుతుంది, నిలిచిన నీరు ఆ సమయం ఇస్తుంది.

కొట్టుకు వెళ్తే ముందు కంపెనీ పేరు చెబుతారు, తర్వాత ఎన్నేళ్ళ గ్యారంటీయో చెబుతారు. ఆ రెండూ ఆఖర్న చూడాల్సినవి. డాబా మీద నీరు నిలుస్తుందా, వేసే పొర ఎంత మందం వస్తుంది అన్న రెండు సంగతులు తేలాకే ఏ సామాను కొనాలో తెలుస్తుంది.

ముందు నీరు ఎక్కడినుంచి వస్తోందో చూడండి

లోపల చెమ్మ కనిపించిన చోటికి నేరుగా పైన పగులు ఉంటుందని అనుకోకండి. నీరు స్లాబులోని కరెంటు పైపు వెంట పాకి పది అడుగుల అవతల ఫ్యాన్ హుక్కు దగ్గర దిగుతుంది. వేసవిలో కూడా ఆ మచ్చ ఆరకపోతే అది వాననీరు కాదు. ట్యాంకు, ట్యాంకు పైపుల జాయింట్లు, పై బాత్‌రూము, ఓవర్‌ఫ్లో నీరు పడే చోటు చూడాలి. డాబా అంతా రసాయనాలు పూయించాక అసలు కారణం ట్యాంకు వాల్వు అని తేలిన ఇళ్ళు ఊళ్ళో చాలానే ఉన్నాయి.

గోడ పైభాగాన, సీలింగు అంచున చెమ్మ ఉంటే అనుమానం పిట్టగోడ మీదికి పోవాలి. పిట్టగోడ నెత్తిన ప్లాస్టరింగ్ పగిలితే నీరు ఇటుకల్లోకి దిగి, స్లాబు మీద వేసిన పొర వెనక నుంచి లోపలికి వస్తుంది. పైన ఎంత ఖరీదైన పూత పూసినా ఆ దారి మూసుకోదు.

మన దగ్గర ఇంకో ప్రత్యేకమైన దారి ఉంది. పై అంతస్తు తర్వాత వేసుకుందామని పిల్లర్ చువ్వలు వదిలేస్తాం. అవి తుప్పు పట్టి ఉబ్బితే చుట్టూ కాంక్రీటు చిట్లుతుంది, చువ్వ వెంటే నీరు స్తంభంలోకి దిగుతుంది. ఆ చువ్వలకు వైర్ బ్రష్ కొట్టి, సిమెంట్ స్లర్రీ (నీళ్ళలో పలచగా కలిపిన సిమెంటు) పూసి, తక్కువ సిమెంటు కలిపిన కాంక్రీటులో కప్పేయాలి. స్లాబు మీద పూసే పొరను ఆ దిమ్మె మీదికి అడుగు ఎత్తు ఎక్కించాలి.

వాన వెలిసిన రెండు గంటలకు పైకెళ్ళి, ఇంకా నీరు ఉన్న మడుగుల చుట్టూ సుద్దముక్కతో గీయండి. ఈ ఒక్క పనితో సగం నిర్ణయం అయిపోతుంది.

ఏ లెక్కన ఎంచుకోవాలి

వాలు సంగతి మొదటిది. తూము వైపు పది అడుగులకు అంగుళంన్నర వాలు ఉంటే మంచిది, అంగుళంపావు కంటే తగ్గకూడదు. తూము ఎంత పెద్దదో కూడా చూడండి. గంటకు 100 మి.మీ. పడే వాన లెక్కన 4 అంగుళాల పైపు ఒకటి సుమారు 450 చదరపు అడుగులకే సరిపోతుంది. వెయ్యి అడుగుల డాబాకు ఒకే పైపు పెట్టి, దానికీ జాలీ లేకుండా వదిలేస్తే వేపాకులు అడ్డుపడ్డ రోజున డాబా చెరువవుతుంది.

రెండోది బరువు. మనుషులు తిరిగే డాబా మీద చదరపు మీటరుకు 150 కిలోల భారం ఉంటుందని భారత ప్రమాణం ఐఎస్ 875 లెక్క. పైన వేసే కాంక్రీటు, ఇటుక ముక్కల బరువును ఇంజినీరు డిజైన్‌లో విడిగా కలుపుకుంటాడు. ముప్పై ఏళ్ళ క్రితం మేస్త్రీ అంచనాతో వేసిన స్లాబులో ఆ లెక్క ఉందని నమ్మే వీలు లేదు.

మూడోది వాడకం. వడియాలు, మిరపకాయలు ఆరబోసే డాబాకీ, నెలకోసారి ట్యాంకు కడగడానికి ఎక్కే డాబాకీ ఒకే పొర పనికిరాదు. సోలార్ పలకలు పెట్టించే ఆలోచన ఉంటే ఆ సంగతి ఇప్పుడే తేల్చుకోవాలి. వాటర్‌ప్రూఫింగ్ అయ్యాక స్టాండు కోసం పొరలోంచి బోల్టులు దించితే చేసిన పనంతా వృథా.

నాలుగోది ఆరడానికి దొరికే సమయం. కొన్ని సామాన్లకు స్లాబు ఎముకలా ఎండి ఉండాలి, మరికొన్నింటికి తడిపి ఉండాలి. ఇది తిరగబడితే ఎంత మంచి సరుకైనా నిలవదు.

| రకం | నీరు నిలిచే చోట | బరువు | పైన నడక | స్లాబు ఎలా ఉండాలి | ఖర్చు |
|---|---|---|---|---|---|
| అక్రిలిక్ పూత | పనికిరాదు | లేనట్టే | కొద్దిగా | పొడిగా | తక్కువ |
| రెండు భాగాల సిమెంట్ పాలిమర్ పూత | పైన రక్షణ పొరతో పనికొస్తుంది | పూత తక్కువ, రక్షణ పొర ఎక్కువ | రక్షణ పొరతో బాగా | చెమ్మగా, నీరు తేలకుండా | మధ్యస్థం |
| ఏపీపీ (ఒక రకం ప్లాస్టిక్ కలిపిన) తారు షీటు | పనికొస్తుంది | తక్కువ | రక్షణ పొర వేస్తేనే | పొడిగా | మధ్యస్థం |
| పీయూ (పాలీయురెథేన్) పూత | పనికొస్తుంది | లేనట్టే | ఓ మాదిరిగా | పూర్తిగా పొడిగా | ఎక్కువ |
| ఇటుక ముక్కల కోబా | వాలు తనే ఇస్తుంది | చాలా ఎక్కువ | బాగా | తడిపి | మధ్యస్థం నుంచి ఎక్కువ |

అక్రిలిక్ పూత: అందరూ వేయించేది, అందరూ పలచగా వేయించేది

తెల్లటి బకెట్లలో రూఫ్ కోట్ పేరుతో దొరికేది ఇదే. రోలరుతో ఎవరైనా వేయగలరు, సన్న నెర్రెలతో పాటు సాగుతుంది. తెలుపు కాబట్టి ఎండను తిప్పికొట్టి కింది గదిని కొంత చల్లబరుస్తుంది. మన మే నెలకు ఇది చిన్న లాభం కాదు.

దీని లోపమంతా మందంలోనే ఉంది. ఒక చదరపు మీటరు మీద ఒక మి.మీ. మందానికి ఒక లీటరు కావాలి. ఇలాంటి పూతల్లో సగం దాకా నీరే ఉంటుంది, ఆరాక మిగిలేది సగం. అంటే ఆరిన పొర అర మి.మీ. రావాలంటే చదరపు మీటరుకు ఒక లీటరు పట్టాలి. వెయ్యి చదరపు అడుగులంటే 93 చదరపు మీటర్లు, కాబట్టి 90 లీటర్ల పైమాటే. అదే డాబాను 20 లీటర్ల బకెట్ ఒక్కదానితో రెండు కోట్లు లాగించేసి, కొన్నేళ్ళ గ్యారంటీ అంటారు. అక్కడ నిలిచేది 0.1 మి.మీ. పొర, గోడకు వేసే రంగు కంటే పెద్ద తేడా ఉండదు. రెండో వేసవికి పొరలు పొరలుగా లేస్తుంది. పూత మంచిది కాదని తిట్టుకుంటాం గానీ, వేసింది పూత లెక్కలోకే రాదు.

సరైన పద్ధతి ఇది: కంపెనీ చెప్పిన ప్రైమర్, దాని మీద మొదటి కోటు, అది తడిగా ఉండగానే ఫైబర్ మెష్ (సన్న వల గుడ్డ) పరిచి రోలరుతో అద్దడం, ఆరాక అడ్డంగా రెండో కోటు, నిలువుగా మూడో కోటు. కోటుకూ కోటుకూ మధ్య డబ్బా మీద రాసినంత సమయం ఆగాలి. రోలరు సాఫీగా జారాలని పనివాళ్ళు నీళ్ళు కలుపుతారు. ప్రైమర్ కోటులో తప్ప ఎక్కడా కలపనివ్వకండి.

నీరు నిలిచే చోట ఇది మెత్తబడి, అడుగు వదిలి, బొబ్బలు లేస్తుంది. సుద్దతో గీసిన మడుగులు మీ డాబాలో ఉంటే వాటిని సిమెంట్ వాటంతో సరిచేయకుండా అక్రిలిక్ వేయించొద్దు. మంచి వాలు ఉండి, మందంగా వేసినా మన ఎండకు మూడు నుంచి ఐదేళ్ళకు పైకోటు మళ్ళీ వేయాల్సి వస్తుంది. ఆ లెక్కతో దిగితే ఇది నమ్మదగ్గదే.

రెండు భాగాల సిమెంట్ పాలిమర్ పూత

పొడి ఒక సంచిలో, పాలలాంటి ద్రవం ఒక క్యానులో వస్తాయి. మన వైపు మామూలు ఇళ్ళకు ఎక్కువ భాగం ఇదే సరైన ఎంపిక. కాంక్రీటును గట్టిగా పట్టుకుంటుంది, చెమ్మ ఉన్నా అంటుకుంటుంది, దాని మీద ప్లాస్టరింగ్ గానీ టైల్స్ గానీ వేసుకోవచ్చు.

ద్రవాన్ని బకెట్లో పోసి, పొడిని కొద్దికొద్దిగా వేస్తూ డ్రిల్ మిషన్‌తో నెమ్మదిగా కలపాలి. ముందు పొడి వేసి ద్రవం పోస్తే ఉండలు కడతాయి. బ్రష్ లాగడానికి బిగువుగా ఉందని నీళ్ళు పోస్తే సాగే గుణం పోతుంది. కలిపింది మన ఎండలో అరగంటకే గట్టిపడటం మొదలవుతుంది, కాబట్టి పూయగలిగినంతే కలపాలి. స్లాబును నీళ్ళతో తడిపి, తేలిన నీటిని తుడిచేసి, చెమ్మగా ఉన్నప్పుడు మొదటి కోటు వేయాలి. ఎండిన స్లాబు మీద పూస్తే కాంక్రీటు నీటిని పీల్చేసి పూత పొడిపొడిగా రాలుతుంది. అది గట్టిపడ్డాక రెండో కోటు అడ్డంగా వేయాలి.

ఒక మి.మీ. మందానికి చదరపు మీటరుకు 1.7 నుంచి 2 కిలోలు పడుతుంది. ఒకటిన్నర మి.మీ. కావాలంటే వెయ్యి అడుగులకు 230 నుంచి 280 కిలోలు. కొటేషన్‌లో వంద కిలోలే రాసి ఉంటే మిగతాది ఎక్కడ పోయిందో అడగండి.

ఇవి చాలావరకు నేరుగా ఎండలో వదిలేసే రకాలు కావు. పైన ఒకటికి నాలుగు పాళ్ళ సిమెంట్ ఇసుకతో రక్షణ పొర వేయాలి, ఆ పొరలోనే వాలు సరిచేసుకోవాలి. ఇక్కడ బరువు మర్చిపోకూడదు. 40 మి.మీ. పొర వేస్తే వెయ్యి అడుగుల మీద దాదాపు 8 టన్నులు పడతాయి. స్లాబు అంత మోయదనుకుంటే రక్షణ పొర బదులు ఎండకు తట్టుకునే అక్రిలిక్‌ను పైకోటుగా వేస్తారు. అప్పుడు మడుగులను ముందే సరిచేసి ఉండాలి.

ఎస్‌బీఆర్ లేటెక్స్‌ను (పాలలా ఉండే రబ్బరు ద్రవం) సిమెంటులో కలిపి పూసే పద్ధతిని కూడా చాలామంది ఇదే అనుకుంటారు. అది అంతగా సాగదు. పగుళ్ళు పూడ్చడానికి, పాత కాంక్రీటుకు కొత్త సిమెంటును అతికించడానికి బాగుంటుంది. డాబా మొత్తానికి అదొక్కటే పూస్తే కొన్ని వేసవులకే వెంట్రుకల్లాంటి నెర్రెలు వస్తాయి.

ఏపీపీ తారు షీటు

మీటరు వెడల్పు, పది మీటర్ల పొడవు చుట్టలుగా వస్తుంది. తారు ప్రైమర్ పూసి, గ్యాస్ మంటతో షీటు అడుగు కరిగిస్తూ అతికిస్తారు. మందం ఫ్యాక్టరీలోనే 3 మి.మీ.గానో 4 మి.మీ.గానో వస్తుంది కాబట్టి అక్కడ మోసం జరగడం కష్టం. మోసం జరిగేది అతుకుల దగ్గర. పక్క అతుకు 10 సెం.మీ., చివరి అతుకు 15 సెం.మీ. ఎక్కాలి. అతుకు అంచు వెంట కరిగిన తారు సన్నగా బయటికి పొంగి కనిపించాలి. పొంగని చోట అది అతుక్కోలేదు.

25 అడుగుల వెడల్పు, 40 అడుగుల పొడవు డాబాను తీసుకోండి. నేల 93 చదరపు మీటర్లు, పిట్టగోడల మీదికి అడుగు ఎత్తు ఎక్కించడానికి ఇంకో 12. అతుకులు పోగా చుట్టకు 8.9 చదరపు మీటర్లే మిగులుతాయి, కాబట్టి 12 చుట్టలు, కోతల్లో పోయేదానితో 13. పది చుట్టలు చాలు అన్నారంటే పిట్టగోడ మీదికి ఎక్కించే ఉద్దేశం లేదన్నమాట.

నలుపు షీటును అలా వదిలేస్తే కింద గది కొలిమి అవుతుంది, తారు కూడా ఎండకు బీటలిస్తుంది. అల్యూమినియం రేకు అంటించిన రకం మేలు, కానీ దాని మీద నడవకూడదు. వడియాలు పెట్టుకునే డాబాకు పైన సిమెంట్ పొర తప్పదు. ఇంకో ఇబ్బంది ఉంది: షీటుకు ఒక చోట చిల్లి పడితే నీరు దాని అడుగున దూరం పాకి ఎక్కడో దిగుతుంది. చిల్లి వెతకడం చాలా కష్టం. పెద్ద, ఖాళీ డాబాలకు, కల్యాణ మండపాలకు, గోదాములకు ఇది బాగా సరిపోతుంది. ట్యాంకు దిమ్మెలు, పైపులు, చువ్వలు అడుగడుగునా ఉన్న చిన్న ఇంటి డాబాకు కోతలూ అతుకులూ ఎక్కువైపోతాయి.

పీయూ పూత

అతుకు లేకుండా రబ్బరు పొరలా పరుచుకుంటుంది, నీరు నిలిచినా తట్టుకుంటుంది, పగులు కదిలినా సాగుతుంది. గుణం చూస్తే వీటన్నిటిలో ఇదే పైన. ఒకటిన్నర మి.మీ. మందానికి చదరపు మీటరుకు రెండు కిలోలు లేదా ఆపైన పడుతుంది, కాబట్టి ఖర్చూ పైనే.

దీనికి చెమ్మ అస్సలు పడదు. 18 అంగుళాల చదరపు పాలిథీన్ ముక్కను స్లాబు మీద పరిచి నాలుగు అంచులా టేపు వేసి 16 గంటలు వదిలేయండి. తీసినప్పుడు అడుగున తడి పేరుకుంటే ఇంకా ఆగాలి. తొందరపడి వేస్తే లోపలి చెమ్మ ఎండకు ఆవిరై పొరను బొబ్బల్లా లేపుతుంది.

వేసే వేళ కూడా ముఖ్యమే. పొద్దున్నే వేస్తే ఎండెక్కే కొద్దీ కాంక్రీటు రంధ్రాల్లోని గాలి వ్యాకోచించి సూది బెజ్జాలు చేస్తుంది. సాయంత్రం స్లాబు చల్లబడుతున్నప్పుడు వేస్తే ఆ బాధ ఉండదు. పీయూలో అరోమాటిక్ రకమైతే ఎండకు పసుపెక్కి పొడి రాలుతుంది, పైన ఎండకు తట్టుకునే అలిఫాటిక్ రకం కోటు ఉందో లేదో అడగండి.

ఇటుక ముక్కల కోబా, టైల్స్, రేకులు

కోబా పాత నమ్మకం. స్లాబు మీద సిమెంట్ స్లర్రీ, దాని మీద బాగా కాలిన ఎర్ర ఇటుక ముక్కలు వాటంగా పేర్చి, సందుల్లో వాటర్‌ప్రూఫింగ్ ద్రవం కలిపిన సిమెంటు నింపి, పైన నున్నగా చేసి అడుగు గళ్ళు గీస్తారు. వాలు దానంతటదే వస్తుంది, ఎండ స్లాబుకు తగలదు, మీద ఎంత తిరిగినా చెదరదు. ఇబ్రహీంపట్నం థర్మల్ కేంద్రం బూడిదతో చేసిన ఇటుకలు మనకు ఎక్కువగా దొరుకుతాయి కదా అని వాటి ముక్కలు వాడనివ్వకండి. ఈ పనికి బాగా కాలిన మట్టి ఇటుకే కావాలి.

సగటున 4 అంగుళాల కోబా వెయ్యి అడుగులకు సుమారు 18 టన్నులు తూగుతుంది. చదరపు మీటరుకు 190 కిలోలు. ఇందాక చెప్పిన 150 కిలోల లెక్కతో పోల్చి చూసుకోండి. కొత్త ఇంట్లో డిజైన్ దశలోనే ఇంజినీరుకు చెప్పి చేయిస్తే దీర్ఘకాలం నిలుస్తుంది. పెచ్చులూడుతున్న పాత స్లాబు మీద వేయించడం ప్రమాదం. పైగా కోబా ఒకసారి ఉరిస్తే లోపలి ఇటుక ముక్కలు నీటిని పీల్చి నెలల తరబడి దింపుతూనే ఉంటాయి. పాత ఇళ్ళలో గానుగ సున్నంతో కొట్టిన డాబా ఇంకా గట్టిగా ఉంటే దాన్ని పగలగొట్టకండి. నెర్రెలు పూడ్చి పైన పూత వేయించుకుంటే సరిపోతుంది.

తెల్ల కూలింగ్ టైల్స్ వేడికి మందు, నీటికి కాదు. టైలు నీరు పీల్చకపోయినా సందులు పీలుస్తాయి. అడుగున సిమెంట్ పాలిమర్ పూత వేసి, దాని మీద టైల్స్ పరిస్తే మంచి జోడీ.

డాబా మీద రేకుల షెడ్డు వేస్తే వాన, ఎండ రెండూ స్లాబుకు తగలవు. కానీ తుఫాను గాలికి రేకు లేస్తే పక్కింటివాళ్ళకు ప్రాణాపాయం. స్తంభాలను బీముల మీదికి బిగించాలి, మునిసిపల్ అనుమతి సంగతి చూసుకోవాలి.

ఎవరికి ఏది

కొత్తగా స్లాబు వేసేవాళ్ళు మళ్ళు కట్టి కనీసం పది రోజులు, వీలైతే రెండు వారాలు నీరు నిలపండి. కాంక్రీటులో కలిపే వాటర్‌ప్రూఫింగ్ ద్రవం కొంత సాయపడుతుంది, పై పొరకు బదులు కాదు. స్లాబు పూర్తిగా గట్టిపడ్డాక సిమెంట్ పాలిమర్ పూత, దాని మీద వాలుతో రక్షణ పొర, ఓపిక ఉంటే టైల్స్.

పదీ పదిహేనేళ్ళ ఇల్లు, సన్న నెర్రెలు, వాలు బాగుంది: మెష్‌తో మూడు కోట్ల అక్రిలిక్ చాలు. వాలు బాగోకపోతే సిమెంట్ పాలిమర్ పూత, రక్షణ పొర. రెండు మూడేళ్ళలో పై అంతస్తు వేసే ఆలోచన ఉంటే ఖరీదైన పీయూ, కోబా జోలికి పోవద్దు, అక్రిలిక్‌తో కాలం గడపండి.

లోపల పెచ్చులూడి ఇనుము కనిపిస్తున్న ఇంటికి వాటర్‌ప్రూఫింగ్ రెండో పని. ముందు ఇంజినీరును పిలిచి చూపించాలి. వదులైన కాంక్రీటు కొట్టేసి, చువ్వల తుప్పు తీసి, తుప్పు ఆపే పూత వేసి, పాలిమర్ మోర్టార్‌తో (పాలిమర్ ద్రవం కలిపిన సిమెంటు ఇసుక ముద్ద) పూడ్చాకే పైన తేలికైన పూత. చాలామంది చేసేది దీనికి సరిగ్గా తలకిందులు: సీలింగుకు పుట్టీ పెట్టి, లోపలి నుంచి వాటర్‌ప్రూఫ్ రంగు వేస్తారు. నీరు పైనుంచి దిగుతూనే ఉంటుంది, బయటికి దారి లేక చువ్వల దగ్గరే నిలిచి తుప్పును పెంచుతుంది.

అపార్ట్‌మెంట్ పై ఫ్లాటువాళ్ళు ఖర్చంతా తామే భరించాలని అనుకోనక్కర్లేదు. 1987 నాటి ఆంధ్రప్రదేశ్ అపార్ట్‌మెంట్ల చట్టంలో పైకప్పు ఉమ్మడి భాగం, కాబట్టి అసోసియేషన్ మీటింగులో పెట్టండి. ఇల్లు చేతికొచ్చి ఐదేళ్ళు దాటకపోతే, రెరా (రియల్ ఎస్టేట్ నియంత్రణ) చట్టం 14వ సెక్షన్ ప్రకారం నిర్మాణంలో, పనితనంలో వచ్చిన లోపాన్ని తెలియజేసిన 30 రోజుల్లో బిల్డరే తన ఖర్చుతో సరిచేయాలి. ఫోన్లో చెప్పి ఊరుకోకుండా రాతపూర్వకంగా ఇవ్వండి.

ఏది వేసినా ముందు జరగాల్సినవి

పని ఫిబ్రవరి నుంచి ఏప్రిల్ మధ్య పెట్టుకుంటే స్లాబు ఆరి ఉంటుంది, ఎండ కూడా మరీ ముదరదు. పాకుడు, పాత పూత, వదులు సిమెంటు వైర్ బ్రష్‌తోనో గ్రైండర్‌తోనో తీసి కడగాలి. పాత పూత మీదే కొత్తది వేస్తే పాతది లేచినప్పుడు కొత్తదాన్నీ లేపుకుపోతుంది.

కంటికి కనిపించే పగులును వి ఆకారంలో 8 నుంచి 10 మి.మీ. వెడల్పు, అంతే లోతు కోసి, దుమ్ము ఊదేసి, కదిలే పగులైతే పీయూ సీలెంట్‌తో, కదలనిదైతే పాలిమర్ మోర్టార్‌తో నింపాలి. పైన మెష్ పట్టీ వేయాలి. పగులు మీద కోయకుండా సిమెంటు రాస్తే నెల నిలవదు.

పిట్టగోడ, స్లాబు కలిసే మూలలో రెండు అంగుళాల ఏటవాలు సిమెంట్ పట్టీ కట్టాలి. లంబంగా ఉన్న మూలలో ఏ పొరైనా పలచబడి అక్కడే తెగుతుంది. పొరను పిట్టగోడ మీదికి కనీసం ఆరు అంగుళాలు, వీలైతే అడుగు ఎక్కించి, చివరను గోడలో కోసిన గాడిలోకి దోపి మూయాలి. పిట్టగోడ నెత్తి డాబా వైపు వాలి ఉండేలా చేసి, దానికీ అదే పూత వేయాలి. తూములోకి పొర రెండు మూడు అంగుళాలు దిగాలి. ప్లాస్టిక్ పైపు నున్నగా ఉంటుంది కాబట్టి దాన్ని ఇసుక కాగితంతో గరుకు చేయకపోతే పూత పట్టదు.

కొటేషన్‌లో చదరపు అడుగు రేటొక్కటే ఉంటే ఒప్పుకోవద్దు. సామాను పేరు, ఆరాక ఎన్ని మి.మీ., మొత్తం ఎన్ని కిలోలు లేదా లీటర్లు, పిట్టగోడ మీద ఎంత ఎత్తు, పగుళ్ళ పని అందులో ఉందా లేదా, ఇవన్నీ రాయించండి. సీలు తీయని డబ్బాలు మీ ముందే విప్పించి, ఖాళీ డబ్బాలు పని అయ్యేదాకా ఇంట్లోనే ఉంచి లెక్కపెట్టండి.

పూత ఆరడానికి డబ్బా మీద చెప్పిన రోజులు గడిచాక, రక్షణ పొర వేయకముందు, తూములు మూసి రెండు అంగుళాల నీరు 48 గంటలు నిలిపి కింద సీలింగు చూడాలి. రక్షణ పొర వేశాక పరీక్షిస్తే ఉరిసినా ఎక్కడినుంచో తెలియదు. అంత నీరు వెయ్యి అడుగుల మీద నాలుగున్నర టన్నులు దాటుతుంది కాబట్టి బలహీనమైన పాత స్లాబును నాలుగు భాగాలుగా మట్టి కట్టలు కట్టి, ఒక్కో భాగం విడిగా పరీక్షించండి. ఆఖరి వాయిదా డబ్బు ఈ పరీక్ష నెగ్గాకే ఇచ్చేలా ముందే మాట్లాడుకోండి.